థర్డ్ పార్టీ వ్యూయర్‌తో సెకండ్ లైఫ్ వస్తువులను వేరే గ్రిడ్‌కు తరలించడం: డబ్బిచ్చి కొన్నవి మనవి కావా?

లక్కగాజులు

అందరికీ నమస్కారం. మేం ముగ్గురు మిత్రులం హైదరాబాద్ నుంచి లిండెన్ ల్యాబ్ సంస్థ నడిపే సెకండ్ లైఫ్ అనే వర్చువల్ లోకంలో ఒక చిన్న బజారు నడుపుతున్నాం. లాడ్ బజార్‌ను మనసులో పెట్టుకుని కట్టిన వీధి అది. రాళ్లు పొదిగిన లక్క గాజులు, పోచంపల్లి ఇక్కత్ చీరలు అవతార్లు ధరించే రూపంలో అక్కడ అమ్ముతాం. నెలనెలా డాలర్లలో కట్టవలసిన స్థలం అద్దె మా అమ్మకాల రాబడిని మించిపోతున్నందువల్ల, వీధి మొత్తాన్ని ఓపెన్‌సిమ్యులేటర్ (ఇలాంటి లోకాన్ని ఎవరైనా సొంతంగా నడుపుకోవడానికి పనికొచ్చే సాఫ్ట్‌వేర్) మీద నడిచే మా సొంత సర్వర్‌కు, అంటే వేరే గ్రిడ్‌కు, మార్చాలని నిర్ణయించుకున్నాం. ఆ సర్వర్‌ను జర్మనీలో అద్దెకు తీసుకున్నాం.

ఆ లోకంలోకి వెళ్లి దాన్ని తెర మీద చూడడానికి వాడే ప్రోగ్రామే వ్యూయర్. మేం వాడేది లిండెన్ ల్యాబ్ కాక బయటివారు (థర్డ్ పార్టీ) చేసిన ఫైర్‌స్టార్మ్ వ్యూయర్. అందులోని ఎగుమతి సదుపాయంతో ప్రయత్నించినప్పుడు నేను స్వయంగా చేసిన గాజులు, దుకాణాల గోడలు భద్రంగా ఫైళ్లుగా దిగాయి కానీ, డబ్బిచ్చి కొన్న వీధి దీపాలు, వేపచెట్లు, కొనుగోళ్ల లెక్క చూసే గల్లా పెట్టె ఏవీ రాలేదు. అంతకన్నా ఆశ్చర్యం కలిగించిన విషయం ఏమిటంటే, మా ముగ్గురిలో ఒకరు తన అకౌంట్‌లో తయారుచేసి, కాపీ, మార్పు, బదిలీ అనే అన్ని అనుమతులతో నాకు అప్పగించిన కమాను కూడా రాలేదు. ఆ మిత్రుడు ఇప్పుడు ఈ పని మానుకుని వేరే ఊళ్లో ఉద్యోగం చేసుకుంటున్నాడు.

ఎవరు సృష్టించారన్నది పట్టించుకోకుండా, కనిపించిన ప్రతి వస్తువునూ దించుకునే వేరే వ్యూయర్ ఒకటి ఉందని, కావాలంటే పంపిస్తానని మాకు తెలిసిన ఒక కుర్రవాడు అంటున్నాడు. దాన్ని వాడాలా వద్దా అన్న దగ్గర మాలో మాకే వాదన మొదలైంది. డబ్బు కట్టి కొన్న వస్తువును మన సర్వర్‌కు మనం తీసుకెళ్తే తప్పేమిటని ఒకరు, అది దొంగతనమేనని మరొకరు అంటున్నాం. అసలు మా ఇన్వెంటరీలో (అకౌంట్‌లో దాచుకున్న వస్తువుల్లో) మాకు నిజంగా చెందినవి ఏవి, ఆ వ్యూయర్ వాడడం మన చట్టం ప్రకారం నేరమా, స్నేహితుడి కమాను విషయంలో ఏం చేయాలి అన్నవి తెలిసినవారు వివరించగలరని ఆశిస్తున్నాను.

పాత సర్వర్

లక్కగాజులు గారూ, ఫైర్‌స్టార్మ్‌లో లోపమేమీ లేదు. లిండెన్ ల్యాబ్ 2010 ఫిబ్రవరిలో థర్డ్ పార్టీ వ్యూయర్ల కోసం ఒక విధానం ప్రకటించింది, దాన్నే అది పాటిస్తోంది. ఎగుమతి కోరుతున్న వ్యక్తే ఆ వస్తువును సృష్టించినట్టు సరిచూసుకున్న తర్వాతే వ్యూయర్ దాన్ని ఫైలుగా దించాలన్నది అందులో ముఖ్యమైన షరతు. వస్తువు ప్రస్తుతం ఎవరి దగ్గర ఉందన్నది ఇక్కడ లెక్కలోకి రాదు. ఎన్ని చేతులు మారినా సృష్టికర్త పేరు మాత్రం చెక్కుచెదరదు కాబట్టి మీ మిత్రుడి కమాను కూడా ఆగిపోయింది.

ఈ షరతు వెనుక కథ 2006 నవంబరులో మొదలైంది. అప్పటికి వ్యూయర్ సోర్స్ కోడ్ బహిరంగం కాలేదు. సర్వర్‌కూ వ్యూయర్‌కూ మధ్య జరిగే సమాచార మార్పిడిని బయటి ప్రోగ్రామర్లు పరిశీలించి లిబ్‌సెకండ్‌లైఫ్ అనే లైబ్రరీ రాసుకున్నారు. దాని ఆధారంగా పుట్టిన కాపీబాట్ అనే ప్రోగ్రామ్ ఎదుట ఉన్న వస్తువును అచ్చంగా అలాగే మళ్లీ తయారు చేయగలదని తెలిసేసరికి, చాలామంది వర్తకులు నిరసనగా దుకాణాలు మూసేశారు. విశేషమేమిటంటే, ఆ గొడవ జరిగిన రెండు నెలలలోపే, 2007 జనవరి 8న, లిండెన్ ల్యాబ్ తన వ్యూయర్ కోడ్‌ను జీపీఎల్ అనే ఓపెన్ సోర్స్ లైసెన్సు కింద విడుదల చేసింది. మీరు సర్వర్ మీద పెట్టుకోబోతున్న ఓపెన్‌సిమ్యులేటర్ ప్రాజెక్టు మొదలైనది కూడా అదే నెలలో. అంటే ఈ రోజు మనం వాడుకుంటున్న స్వేచ్ఛా, మన వర్తకులు భయపడే కాపీ చౌర్యమూ దాదాపు ఒకే చోట, ఒకే కాలంలో పుట్టాయి. ఒకదాన్ని ఉంచుకుని రెండోదాన్ని తుడిచేయడం ఎవరి వల్లా కాలేదు.

కాకపోవడానికి సాంకేతిక కారణం ఉంది. మీ తెర మీద ఒక గాజు కనిపించాలంటే దాని ఆకారం, దాని మీది టెక్స్చర్ (ఉపరితలం మీద పరిచే బొమ్మ) మీ కంప్యూటర్‌కు చేరి తీరాలి. అలా చేరిన సమాచారాన్ని గ్రాఫిక్స్ కార్డుకు పంపే ప్రోగ్రామ్, తలచుకుంటే, డిస్కు మీద కూడా రాయగలదు. కాపీ, మార్పు, బదిలీ అనే మూడు అనుమతులూ సర్వర్ దగ్గర అమలవుతాయి తప్ప, మీ కంప్యూటర్‌లోకి వచ్చిన సమాచారాన్ని కట్టిపడేయలేవు. వస్తువులను పనిచేయించే చిన్న ప్రోగ్రాములైన స్క్రిప్టుల సంగతి వేరు. అవి సర్వర్‌లోనే నడుస్తాయి, మార్పు అనుమతి లేని స్క్రిప్టు మూలం మీ దగ్గరికి ఎప్పుడూ రాదు. కాబట్టి ఆ కుర్రవాడు చెప్పిన వ్యూయర్‌తో గల్లా పెట్టెను దించుకున్నా మీకు దక్కేది లెక్క చూడని ఉత్త పెట్టె మాత్రమే.

ఆ వ్యూయర్ గురించి ఇంకొక మాట. ఒకప్పుడు ఎంతో ఆదరణ పొందిన ఎమరాల్డ్ వ్యూయర్ లాగిన్ పేజీలో, ఆ బృందాన్ని విమర్శించే ఒకరి వెబ్‌సైటు మీదికి వాడుకరుల కంప్యూటర్ల నుంచే అభ్యర్థనలు వెల్లువెత్తేలా కోడ్ దాచిపెట్టిన సంగతి 2010 ఆగస్టులో బయటపడింది. ఆ తర్వాత అది అనుమతి కోల్పోయింది. ఆ బృందం నుంచి బయటికి వచ్చినవారు మొదలుపెట్టిన ఫీనిక్స్ ప్రాజెక్టులోనే తర్వాత ఫైర్‌స్టార్మ్ తయారైంది. పేరున్న వ్యూయర్‌లోనే అలా జరిగినప్పుడు, ఊరూ పేరూ లేని ప్రోగ్రామ్‌లో మీ పాస్‌వర్డ్ టైపు చేయడం, దానితోపాటు సెకండ్ లైఫ్‌లో చెల్లే మీ లిండెన్ డాలర్లను ఎవరికో అప్పగించడం నాకు బొత్తిగా సమ్మతం కాదు.

అబిడ్స్ ఆదివారం

పాత సర్వర్ గారు చెప్పిన చరిత్రతో నాకు పేచీ లేదు కానీ, ఈ చర్చ ఎప్పుడు జరిగినా అమ్మేవారి వైపు నుంచే సాగుతుంది. ఆదివారం అబిడ్స్ ఫుట్‌పాత్ మీద ఒక పాత నిఘంటువు కొన్నాననుకోండి. దాన్ని ఇంటికి మోసుకెళ్లవచ్చు, చెల్లెలికి ఇవ్వవచ్చు, వచ్చే ఆదివారం అదే ఫుట్‌పాత్ మీద అమ్ముకోవచ్చు. ప్రచురణకర్త మూతపడినంత మాత్రాన పుస్తకం నా అలమారలోంచి మాయం కాదు. వర్చువల్ లోకంలో కొన్న వస్తువుకు మాత్రం సర్వర్ ఆయుష్షే తన ఆయుష్షు.

ఇది ఊహ కాదు. మైక్రోసాఫ్ట్ 2023 మార్చి 10న ఆల్ట్‌స్పేస్ వీఆర్ అనే వర్చువల్ లోకాన్ని మూసేసింది. ఓపెన్‌సిమ్యులేటర్ కోడ్ నుంచి విడిపోయి పెరిగిన ఇన్‌వరల్డ్స్ గ్రిడ్ 2018లో ఆగిపోయింది. యూబీసాఫ్ట్ సంస్థ ద క్రూ అనే కారు పందేల ఆట సర్వర్లను 2024 మార్చి 31న ఆపేయడంతో, డబ్బిచ్చి కొన్నవారు దాన్ని ఒంటరిగా ఆడుకోవడానికి కూడా వీలు లేకుండా పోయింది. ఐరోపాలో స్టాప్ కిల్లింగ్ గేమ్స్ ఉద్యమానికి కారణం అదే. డిజిటల్ సరుకు అమ్మేవారు, ఇస్తున్నది లైసెన్సు మాత్రమేనని స్పష్టంగా చెప్పకుండా దాన్ని కొనుగోలుగా ప్రచారం చేయకూడదని కాలిఫోర్నియా రాష్ట్రం చట్టం చేసి 2025 జనవరి 1 నుంచి అమలు చేస్తోంది. ఆ చట్టం కొనుగోలుదారుకు కొత్త హక్కు ఏదీ ఇవ్వలేదు, ముందే హెచ్చరించమని అమ్మేవారిని ఆదేశించింది, అంతే.

నేను కొంతకాలం ఉన్న ఒక చిన్న గ్రిడ్ మూతపడినప్పుడు, ఇచ్చిన కొద్దిపాటి గడువులో బయటి వ్యూయర్లతో దించుకున్నవి తప్ప మరేవీ మిగలలేదు. అందువల్ల థర్డ్ పార్టీ సాఫ్ట్‌వేర్ అనగానే దొంగ సామగ్రిలా చూడడం నాకు నచ్చదు. ఓపెన్‌సిమ్యులేటర్‌లో ఆ మూడు అనుమతులతోపాటు ఎగుమతి అనే నాలుగో అనుమతి కూడా ఉంది. వస్తువును గ్రిడ్ దాటించుకోవచ్చో లేదో సృష్టికర్త అక్కడే తేల్చి చెప్పవచ్చు. సెకండ్ లైఫ్‌లో అలాంటి ఏర్పాటు లేకపోవడం వల్ల, తన దీపాన్ని బయటికి తీసుకెళ్లనివ్వడానికి ఇష్టపడే సృష్టికర్తకు కూడా ఆ మాట వ్యూయర్‌కు అర్థమయ్యేలా చెప్పే దారి లేదు. ఈ ఖాళీని సంస్థలు పూడ్చనంత కాలం ఆ కుర్రవాడు చెప్పినలాంటి వ్యూయర్లు పుడుతూనే ఉంటాయి.

నల్లకోటు

నేను నగరంలో న్యాయవాదిని. అవతార్ చీర గురించి నా దగ్గరికి ఇంతవరకూ ఎవరూ రాలేదు కాబట్టి దీన్ని చట్టం చదివినవాడి అభిప్రాయంగానే తీసుకోండి.

అబిడ్స్ ఆదివారం గారి నిఘంటువు ఉదాహరణ బాగుంది, కానీ అది పుస్తకం దగ్గరే ఆగిపోతుంది. 1957 నాటి కాపీరైట్ చట్టం 14వ సెక్షన్ రచయితకు ఇచ్చిన పంపిణీ హక్కు, అప్పటికే చలామణిలో ఉన్న ప్రతులకు వర్తించదు. ఫుట్‌పాత్ వ్యాపారానికి ఉన్న చట్టబద్ధమైన ఆధారం అదే. కానీ ఒక సర్వర్‌లోని దీపాన్ని మరో సర్వర్‌కు తీసుకెళ్లడమంటే ఉన్న ప్రతిని మోసుకెళ్లడం కాదు, కొత్త ప్రతిని తయారు చేయడం, అది పునరుత్పత్తి హక్కు కిందికి వస్తుంది. విదేశీ న్యాయస్థానాలు కూడా ఈ విషయంలో ఒక్క దారిలో నడవలేదు. శాశ్వత లైసెన్సుతో అమ్మిన సాఫ్ట్‌వేర్‌ను తిరిగి అమ్ముకోవచ్చని ఐరోపా సమాఖ్య న్యాయస్థానం 2012లో ఒరాకిల్ కేసులో తీర్పు చెప్పింది, ఈ-పుస్తకాలకు మాత్రం అదే సూత్రాన్ని 2019లో నిరాకరించింది. అమెరికాలో తొమ్మిదో సర్క్యూట్ అప్పీళ్ల కోర్టు 2010లో ఆటోడెస్క్ కేసులో, ఒప్పందం బదిలీని, వాడకాన్ని గణనీయంగా పరిమితం చేసినప్పుడు సాఫ్ట్‌వేర్ తీసుకున్నవాడు యజమాని కాడు, లైసెన్సుదారు మాత్రమేనని చెప్పింది. మీ వీధి దీపాలు, వేపచెట్లు నా దృష్టిలో ఈ రెండో కోవలోవే.

మీరు స్వయంగా చేసిన గాజుల మీద కాపీరైట్ మాత్రం మీదే, అందుకు ఎక్కడా రిజిస్ట్రేషన్ కూడా అక్కర్లేదు. సృష్టికర్తల మేధోహక్కులు వారికే ఉంటాయని లిండెన్ ల్యాబ్ 2003 నవంబరులోనే ప్రకటించింది. 2013లో మార్చిన నిబంధనలు ఆ సంస్థకు మితిమీరిన లైసెన్సు కట్టబెడుతున్నాయని సృష్టికర్తలు ఆందోళన చేయడంతో 2014లో వాటిని కొంత సవరించింది. స్థలం సంగతి వేరు. మార్క్ బ్రాగ్ అనే పెన్సిల్వేనియా న్యాయవాది తన వర్చువల్ భూమిని లాక్కున్నారంటూ వేసిన దావాలో, లిండెన్ ల్యాబ్ పెట్టిన మధ్యవర్తిత్వ షరతు అన్యాయమైనదని 2007లో ఫెడరల్ కోర్టు తేల్చింది. అయితే ఆ భూమి ఆస్తి అవునా కాదా అన్నది తేలకుండానే ఇరుపక్షాలూ రాజీపడ్డాయి. ఈ రంగంలో మనకు కావలసిన తీర్పు వచ్చినట్టే వచ్చి చేజారిన సందర్భం అదొక్కటేనని నాకు అనిపిస్తుంది.

ఇక నేరం సంగతి. వేరే ప్రోగ్రామ్‌తో కలిసి పనిచేయడానికి అవసరమైన సమాచారం మరో విధంగా దొరకనప్పుడు, చట్టబద్ధంగా ప్రోగ్రామ్ కలిగి ఉన్నవారు దాన్ని రాబట్టడం తప్పు కాదని కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో స్పష్టమైన మినహాయింపు ఉంది. అందువల్ల సొంత వ్యూయర్ రాసుకోవడం మన దేశంలో నేరమని నేను అనుకోను. ఆ మినహాయింపు ప్రోగ్రామ్‌కే తప్ప, ఆ ప్రోగ్రామ్‌తో దించుకున్న వేపచెట్టుకు వర్తించదు. 2012 సవరణతో వచ్చిన 65ఎ సెక్షన్, హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో సాంకేతిక రక్షణను ఛేదించినవారికి రెండేళ్ల వరకు జైలు, జరిమానా విధిస్తుంది. పాత సర్వర్ గారు వర్ణించిన అనుమతుల ఏర్పాటును ఆ సెక్షన్ చెప్పే సమర్థమైన రక్షణగా కోర్టు అంగీకరిస్తుందా అన్నది వాదించదగిన విషయం. అయితే ఆ వాదన గెలవడానికి మీరు బోనెక్కాల్సిన అవసరం కనిపించడం లేదు. దానికంటే ముందే నిబంధనలను ఉల్లంఘించారంటూ అకౌంట్ మూసేస్తే మీ సొంత గాజులతో సహా ఇన్వెంటరీ మొత్తం పోతుంది.

అన్యాయమైన ఒప్పందాల మీద 2019 వినియోగదారుల రక్షణ చట్టం కింద రాష్ట్ర కమిషన్‌కు వెళ్లవచ్చని, ఫిర్యాదుదారు నివసించే చోటే కేసు వేయవచ్చని కొందరు గుర్తు చేస్తారు. నిజమే, కానీ వ్యాపారం కోసం కొన్నవారు ఆ చట్టం దృష్టిలో వినియోగదారులు కారు. మీరు దుకాణం నడుపుతున్నారు కాబట్టి, స్వయం ఉపాధితో జీవనోపాధి పొందడానికే కొన్నామని ముందుగా నిరూపించుకోవలసి ఉంటుంది.

ఇక్కత్ గళ్లు

అమ్మేవారి వైపు నుంచే చర్చ సాగుతుందన్న మాటకు జవాబుగా రాస్తున్నాను. ఒక్క చీర టెక్స్చర్ కోసం నేత నమూనాలు చూసి, గళ్ల అంచులు చెదిరినట్టుండే ఆ ఇక్కత్ లక్షణాన్ని పిక్సెల్ పిక్సెల్‌గా గీయడానికి నాకు వారాలు పడుతుంది. అలా గీసినవి ఒక వర్చువల్ లోకంలో వేరే వారి దుకాణంలో వారి పేరుతో కనిపించాయి. అమెరికా కాపీరైట్ చట్టం ప్రకారం నోటీసు పంపితే వాటిని తొలగించారు కానీ, కొద్ది రోజుల్లో మరో కొత్త అకౌంట్ పేరుతో అవే తిరిగి వచ్చాయి. నాకు థర్డ్ పార్టీ వ్యూయర్ల మీద కోపం లేదు, నేనూ ఫైర్‌స్టార్మ్‌నే వాడతాను. కానీ అలమారలోని పుస్తకం గురించి బాధపడేవారు, ఆ పుస్తకం రాసినవారి గురించి కూడా ఒక వాక్యం రాస్తే బాగుండేది.

లక్కగాజులు గారికి ఒక ముఖ్యమైన విషయం. కొన్న వాటిలో పూర్తి అనుమతులతో వచ్చినవి ఉంటే, అవి మీవేనని తొందరపడకండి. ఇతర తయారీదారుల కోసం అలా పూర్తి అనుమతులతో అమ్మే మెష్‌లతోపాటు (త్రీడీ ఆకారాలతోపాటు) తరచుగా ఒక నోట్‌కార్డు వస్తుంది. సెకండ్ లైఫ్‌లో తప్ప మరెక్కడా వాడకూడదని అందులో రాసి ఉంటుంది. వ్యూయర్ చూసేది సృష్టికర్త పేరు, మిమ్మల్ని కట్టిపడేసేది ఆ నోట్‌కార్డు. నోట్‌కార్డు లేకపోతే అమ్మినవారికే ఒక సందేశం పంపి అడగండి. ఓపెన్‌సిమ్యులేటర్ కోసం వేరే ప్రతిని మామూలు ధరకే ఇచ్చేవారు ఉన్నారు, నేను అడిగినవారికి ఉచితంగానే ఇస్తాను.

అబిడ్స్ ఆదివారం

ఇక్కత్ గళ్లు గారూ, న్యాయమైన ఆక్షేపణ. అయితే మీలా అడిగినవారికి ఇచ్చే సృష్టికర్తలు ఉన్నారు కాబట్టే నాలుగో అనుమతి కావాలని పట్టుబడుతున్నాను. సందేశం పంపుదామంటే ఆ అకౌంట్ ఎన్నో ఏళ్లుగా నిద్రపోతున్న సందర్భాలే నాకు ఎక్కువగా ఎదురయ్యాయి.

పాత సర్వర్

తరలింపు గురించి ఆచరణలో పనికొచ్చే రెండు మాటలు. గాజులను మీరు బ్లెండర్ అనే త్రీడీ సాఫ్ట్‌వేర్‌లో చేసి ఉంటే ఎగుమతి గొడవే అక్కర్లేదు, మీ దగ్గరున్న అసలు ఫైళ్లనే కొత్త గ్రిడ్‌లో ఎక్కించండి, నాణ్యత కూడా మెరుగ్గా ఉంటుంది. ఫైర్‌స్టార్మ్ రెండు రకాలుగా దొరుకుతుంది. హావోక్ అనే ఫిజిక్స్ సాఫ్ట్‌వేర్ లైసెన్సు ఉన్న మొదటి ప్రతి లిండెన్ గ్రిడ్లకు మాత్రమే కలుస్తుంది, ఓపెన్‌సిమ్యులేటర్‌కు కలవాలంటే రెండో ప్రతిని దించుకోవాలి. కొత్త సర్వర్‌లో వీధి కుదురుకోగానే మొత్తం ప్రాంతాన్ని ఓఏఆర్ ఫైలుగా, ఇన్వెంటరీని ఐఏఆర్ ఫైలుగా దాచుకోండి. సర్వర్ నిర్వాహకులు మీరే కాబట్టి ఆ సదుపాయం మీ చేతిలోనే ఉంటుంది. మీరు రేపు మీ వీధిలో వేరేవారికి దుకాణాలు ఇస్తే, వారి వస్తువులు కూడా అదే ఫైలులో మీ చేతికి వస్తాయన్న సంగతి ముందే వారికి చెప్పండి.

లక్కగాజులు

అందరికీ కృతజ్ఞతలు. ఆ వ్యూయర్ వద్దని మా మధ్య ఒప్పందానికి వచ్చాం. దీపాల తయారీదారుకు సందేశం పంపాం, వేపచెట్లను మేమే బ్లెండర్‌లో కొత్తగా చేసుకుంటాం, గల్లా పెట్టెకు కొత్త స్క్రిప్టు రాసుకోవాలి. మిగిలింది కమాను. మా మిత్రుడు ఫోన్‌లో "తీసుకోండి, నాకేం అభ్యంతరం లేదు" అన్నాడు. నల్లకోటు గారూ, ఆ మాట సరిపోతుందా?

నల్లకోటు

ఫోన్ మాట స్నేహానికి సరిపోతుంది కానీ చట్టానికి సరిపోదు. కాపీరైట్‌ను మీకు బదిలీ చేయాలంటే 19వ సెక్షన్ ప్రకారం అది రాతపూర్వకంగా, ఆయన సంతకంతో ఉండాలి. ఏ వస్తువు, ఏ హక్కులు, ఎంత కాలం, ఏ ప్రాంతం, ప్రతిఫలం ఎంత అన్నవి అందులో రాయాలి. కాలం రాయకపోతే ఐదేళ్లని, ప్రాంతం రాయకపోతే భారతదేశానికే పరిమితమని చట్టం భావిస్తుంది. మీ సర్వర్ జర్మనీలో ఉంది కాబట్టి ప్రపంచమంతటా అని రాయించుకోండి. ఏడాదిలోగా ఆ హక్కును వాడుకోకపోతే బదిలీ రద్దవుతుందన్న నిబంధన కూడా ఉంది, అది వర్తించదని అదే కాగితంలో ఒక వాక్యం చేర్చండి. బదిలీ దాకా వద్దనుకుంటే 30వ సెక్షన్ కింద లైసెన్సు రాయించుకున్నా మీ అవసరం తీరుతుంది, అయితే అది కూడా రాతలోనే ఉండాలి.

ఈ కాగితాన్ని ఫైర్‌స్టార్మ్ చదవదు, అది సృష్టికర్త పేరే చూస్తుంది. అందువల్ల సంతకం అయ్యాక కమాను ప్రతిని మీ మిత్రుడికి తిరిగి ఇచ్చి, ఆయన అకౌంట్‌తో ఆయననే లాగిన్ అయి ఎగుమతి చేయమనండి. వేరేవారి టెక్స్చర్ ఏదైనా దాని మీద ఉంటే అది మాత్రం అప్పుడు కూడా రాదు, దాన్ని మీరే మళ్లీ గీసుకోవాలి.